చెవి కోసిన ప్లేటు

ఉదయగిరిలో మాలకొండమ్మ చెక్కిన గరిటె కావాలంటే డబ్బులు చూపిస్తే చాలదు. పాత పాటల ప్లేటు ఒకటి తేవాలి. నల్లగా, గుండ్రంగా, నడుమ చిల్లితో ఉండే గ్రామఫోను ప్లేటు. గీతలు పడినా సరే, అట్ట లేకపోయినా సరే. ప్లేటు చేతిలో పడిందంటే నున్నగా రుద్దిన కర్ర గరిటె ఇచ్చి, పైగా ఒక చెంబుడు మజ్జిగ కూడా పోస్తుంది. అట్లా ఇరవై ఏళ్లలో నూటికి పైగా కూడబెట్టింది. ఆ గరిటెలన్నీ అమ్మి ఉంటే మందలో ఇంకో ఇరవై గొర్రెలు చేరేవని మొగుడు సుబ్బన్న కనపడిన ప్రతివాడికీ చెప్పుకుంటాడు. అదే సుబ్బన్న పొద్దుగూకేసరికి మంద తోలుకొచ్చి, గడప మీద కూలబడి, "మే, ఆ డోలు ప్లేటు ఎయ్యి" అంటాడు. మగవాళ్ల సణుగుడికి అంతే విలువ.

ఇంతకీ మాలకొండమ్మకు అక్షరం ముక్క రాదు. ప్లేటు నడుమ అతికించిన కాగితం మీద పాట పేరు అచ్చేసి ఉంటుంది కదా, అది ఆమెకు ఉన్నా ఒకటే, లేకున్నా ఒకటే.

ఆమె నాయన కామయ్య గొర్రెలకాపరి. ముప్పై గొర్రెలు అమ్మి మైక్‌సెట్టు కొన్నాడని అప్పట్లో దుత్తలూరు దాకా నవ్వుకున్నారు. పెళ్లిళ్లలో ఆయన చెట్టెక్కి గొట్టం కడుతుంటే, కింద పదేళ్ల మాలకొండమ్మ ప్లేట్లు మార్చేది. ఆమె చదువు అక్కడితో సరి. ఒకసారి పెళ్లిపీటల దగ్గర వేయాల్సిన పాటకు బదులు ఏడుపు పాట వేసి, ఇంటికొచ్చి ముక్కు చీదుతూ కూర్చుంది.

"కాయితం చదవలేను నాయనా, నాకెట్టా తెలస్తాది?"

"మందలో నూరు గొర్రెలుంటే ఏది ఏదో నీకు తెలవదా? గొర్రె మెళ్లో బోర్డు కట్టుకొని తిరగతా ఉండాదా? మొగం చూడు మే. ప్లేటుకీ మొగం ఉంటాది" అన్నాడు కామయ్య.

ఆ మాట ఆమె తలకెక్కింది. ప్లేటును వెలుతురుకు ఏటవాలుగా పట్టుకుని చూడ్డం మొదలుపెట్టింది. ఒంటిగొంతు మెల్లగా పాడేచోట గాడి నున్నగా, నల్లగా కనపడుతుంది. డోలు, సన్నాయి జోరందుకున్నచోట పిండి చల్లినట్టు తెల్లగా మెరుస్తుంది. ఏడాది తిరిగేసరికి నాయన పెట్టెలోని ప్లేట్లన్నీ ఆమెకు సొంత మంద అయిపోయాయి.

కామయ్య పోయాక, క్యాసెట్ల కాలం వచ్చిందని ఆమె అన్నయ్య ఆ పెట్టెను దారినపోయే వ్యాపారికి ఇచ్చేశాడు. అత్తగారింట్లో ఉన్న మాలకొండమ్మకు తెలిసేసరికి నెల దాటింది. వచ్చిన ప్రతి ప్లేటునూ ఆమె ముందుగా తిప్పి తిప్పి చూసేది అందుకే. నాయన మందలోంచి తప్పిపోయిన గొర్రె ఒక్కటైనా ఇల్లు చేరుతుందేమోనని.

మొన్న కార్తీకంలో పాతసామాన్ల సిద్ధయ్య మోపెడ్ ఆపీ ఆపకముందే కేకేశాడు. "అక్కా, ఆత్మకూరులో రామనారాయణ రెడ్డి మేడ మీద పచ్చ రేకుపెట్టె ఉండాది. మూత మీద పొట్టేలు బొమ్మ. ప్లేట్ల మీద కాయితాలన్నీ చెదలు తినేసినాయి. ప్లేట్లకి ముళ్లు బిగించి గోడగడియారాలు చేసుకునే వాడికి ఇచ్చేస్తా ఉండాడు, రేపే!"

ఆ పొట్టేలును కామయ్య స్వయంగా గీశాడు. కొమ్ములు ఎక్కువై ఎద్దులా వచ్చిందని ఊరంతా ఎగతాళి చేసింది.

మర్నాడు మొదటి బస్సుకే మొగుడూ పెళ్లాలు ఆత్మకూరులో దిగారు. రామనారాయణ నూరెకరాల ఆసామి. మేడ మీద గదిలో రెండువేల ప్లేట్లు, ఒక్కోదానికీ ప్లాస్టిక్ తొడుగు, అన్నింటికీ కలిపి పేర్లు రాసిన లావుపాటి పుస్తకం. వీళ్లు వెళ్లేసరికే గడియారాల సుధీర్ నెల్లూరు నుంచి వచ్చి, చిల్లులేసే మిషను సంచిలోంచి తీస్తున్నాడు.

"రెడ్డీ, అది మా నాయన పెట్టె. దానికి చిల్లులెయ్యమాకండి" అంది మాలకొండమ్మ.

"పెట్టె మీదే అయ్యుండొచ్చు. నేనూ ఎవరి దగ్గరో కొన్నాను గదమ్మా" అన్నాడు రామనారాయణ. "పేర్లు పోయినాయి. పేరు లేనిదాన్ని నా పుస్తకంలో ఎట్టా రాసేది? ఈ అబ్బాయికి మాట కూడా ఇచ్చేసినా."

"పేర్లు నేను జెప్తా."

సుధీర్‌కు నవ్వాగలేదు. "చదువుకొనేదానికి ఏమీ లేదు గదా పెద్దమ్మా?"

"చదువుకొనేదానికి ఉండుంటే నాకు తెలిసేది కాదు అబ్బయ్యా."

సుబ్బన్న ఆమె కొంగు లాగాడు. "పోదాం పా మే. పెద్దోళ్ల ఇంట్లో మనకేంది పంతం?" ఆమె కొంగు విడిపించుకుంది.

రామనారాయణకు సరదా పుట్టింది. "సరే, చూసి చెప్పు. నేను ఏసి చూస్తా. ఒక్కటి తప్పినా పెట్టె ఈ అబ్బాయికి పోతాది. అన్నీ సరిపోతే నువ్వే తీసుకపో."

మాలకొండమ్మ కిటికీ దగ్గర నేల మీద కూర్చుంది. మొదటి ప్లేటు ఎండకు వంచింది. "ఇది హరికథ. కాసేపు మాట, కాసేపు పాట. ఈడ జనం నవ్వుతారు, చూడండి గాడి ఎట్టా చిట్లిందో." రామనారాయణ ముల్లు పెట్టాడు. హరిదాసు గొంతు వచ్చింది. ఆమె వేలు చూపినచోటికి రాగానే జనం పకపకా నవ్వారు. రెండోది జోలపాట. మూడోది సన్నాయి. ఆరు దాటేసరికి సుధీర్ మిషను కింద పెట్టేశాడు. పది దాటేసరికి రామనారాయణ కుర్చీ వదిలి ఆమె పక్కన నేల మీదికి చేరాడు. అల్మారాలోంచి ఎర్ర తొడుగులోది కూడా తీసి, ఇంకా ముల్లు తగలని వీణ ప్లేటని మురిసిపోతూ చూపించాడు.

పన్నెండో ప్లేటు చేతిలోకి తీసుకోగానే మాలకొండమ్మకు నవ్వొచ్చింది. "ఇది పెండ్లిపాట. రెండో చరణంలో 'రావమ్మా' అనేకాడ ఆగిపోయి, రావమ్మా రావమ్మా అని అరస్తానే ఉంటాది. దుత్తలూరు పెండ్లిలో ఎవరో తాగి బల్ల తన్నినాడు, ముల్లు గీసుకుంది. పెండ్లికూతురు అలిగి రాలేదనుకున్నారు జనం. మీరే ఏలితో నెట్టాల."

పాట మొదలైంది. మొదటి చరణం అయింది. ముగ్గురు మగవాళ్లూ ప్లేటు మీదికి వంగారు. రావమ్మా. రావమ్మా. రావమ్మా. రావమ్మా. రామనారాయణ పగలబడి నవ్వుతూ వేలితో ముల్లు నెట్టాడు.

పద్దెనిమిది ప్లేట్లూ అయిపోయాయి. ఒక్కటీ తప్పలేదు. సుబ్బన్న అప్పటికే మీసం మీద చెయ్యి వేసేశాడు. మాలకొండమ్మ మాత్రం లేవలేదు. పెట్టె అడుగు తడిమి చూసింది.

"రెడ్డీ, ఒకటి తక్కువుంది. పందొమ్మిది ఉండాల."

"ఉన్నవన్నీ నీ ముందరే ఉండాయి గదమ్మా!"

"చెవి కోసింది లేదు."

ఎవరికీ అర్థం కాలేదు. అప్పుడు ఆమె చెప్పింది. కామయ్య కొత్త గొర్రెను కొంటే ఇంటికి తేగానే చెవి అంచు కొంచెం కోసేవాడు, పక్క మందలో కలిసినా తనదని తెలియడానికి. మొట్టమొదటి ప్లేటు కొన్నరోజు కూడా అలవాటు పోనీకుండా అదే కత్తితో దాని అంచున చిన్న గాటు పెట్టాడు. మైక్‌సెట్టు అమ్మినతను తల పట్టుకున్నాడు. ఆ తరవాత ఇంకో ప్లేటు మీద కత్తి పెట్టలేదు కానీ, మొదటిది మాత్రం ఎప్పుడు వేసినా టక్కు, టక్కు, టక్కుమని మూడుసార్లు ఎగిరిన తరవాతే పాట ఎత్తుకునేది.

రామనారాయణ మొహంలో రంగు మారింది. గబుక్కున లేచి బయటి వసారాలోకి పోయాడు. అక్కడ పూలకుండీ కింద నీళ్లు కారకుండా ఒక ప్లేటు పెట్టి ఉంది. అంచు విరిగిందని ఆయనే పక్కన పారేశాడు. నూరెకరాల ఆసామి కుండీ ఎత్తి, బురద ప్లేటును సొంత పంచెతో తుడుచుకుంటూ లోపలికొచ్చాడు.

"తప్పయిపోయింది తల్లీ" అని ఆమె చేతికిచ్చాడు.

ఈసారి ముల్లు ఆమే పెట్టింది. టక్కు. టక్కు. టక్కు. ఆ వెనకే మేడంతా నిండిపోయేలా సన్నాయి లేచింది. చెట్టు మీద గొట్టం కడుతున్న నాయన "సరిగ్గా ఏసినావు మే!" అని పైనుంచి అరిచే పాట అదే. మాలకొండమ్మ కళ్లు తుడుచుకోలేదు. తల పైకెత్తి, పాట అయిపోయేదాకా అట్లాగే నిలబడింది.

వచ్చేటప్పుడు రామనారాయణ గుమ్మం దాకా దిగొచ్చాడు. "నా దగ్గర ఇంకో నలభైకి పేర్లు లేవు. ఆదివారం వస్తావా?"

"వస్తా. ఆ పుస్తకం కూడా తీసి పెట్టండి. ఇందాక చూసినా, ఎర్ర తొడుగులోది మీరు అనుకొనేది కాదు. వీణ అని చెప్పినారు గదా, అది బుర్రకథ."

పెద్దాయన గబగబా మెట్లెక్కి వెళ్లాడు. ఒక నిమిషానికి మేడ మీదినుంచి తందాన తాన వినపడింది.

బస్సులో పెట్టెను సుబ్బన్న ఒడిలో పెట్టుకున్నాడు. ఎవరికీ ఇవ్వలేదు. కండక్టరు లగేజీ టికెట్టు అడగడమే ఆలస్యం, అక్కడినుంచి మొదలుపెట్టి ఉదయగిరి వచ్చేదాకా బస్సంతటికీ కథ చెప్పాడు. అతని లెక్క ప్రకారం ప్లేట్లు పందొమ్మిది కాదు, ఎనభై. గొర్రెల మాట మాత్రం ఒక్కసారి కూడా ఎత్తలేదు.