అరువు చీరల్లో నా దేశం

ఇది కోపంతో మొదలైన ప్రయాణం. జెండా పండుగ రోజు మదనపల్లెలో మా ఆఫీసులో ఒక పాత సమాచార చిత్రం వేశారు. కుప్పం దగ్గరి పల్లెలో ఆడవాళ్లు వేరుశనగ చేలో కలుపు తీస్తున్నారు. అందరికీ కొత్త చీరలు, తలల్లో పూలు. "ఇదీ భారత స్త్రీ ఆనందం" అంటోంది వెనక నుంచి ఒక గొంతు. కలుపు తీసేవాళ్లు కొత్త చీర కడతారా? నాకు ఒళ్లు మండింది. మా అటెండరు మునెప్ప మాత్రం తెర దగ్గరికెళ్లి ముఖాలు వెతుకుతున్నాడు. "మా ఊరే మేడం. ఆ దినం మా అవ్వ ఆడనే ఉన్నిందంట. ఆమె ఫోటో ఒగటీ లేదు. మాయమ్మకు సూపిస్తే బాగుండు" అన్నాడు.

ఆ సినిమాను నా ట్యాబ్‌లోకి ఎక్కించుకుని, ఆదివారం ఉదయం ఆరింటికి ఇద్దరం బస్సెక్కాం. దారిలో పుంగనూరులో దిగి దోసెలు తిన్నాం, ఇద్దరికీ వంద లోపే అయింది. దోసెలు పోసే ఆమె నా చేతిలో ట్యాబ్ చూసి, "మా పుంగనూరు పొట్టి ఆవుల్ని తీసేదానికి వచ్చినారా?" అంది. కాదు, మనుషుల కోసమన్నాను. "మమ్మల్నెవరు తీస్తారులేమ్మా!" అని నవ్వింది. పలమనేరు, వెంకటగిరికోట మీదుగా కుప్పం చేరేసరికి మధ్యాహ్నమైంది. అక్కడి నుంచి గుడుపల్లె వైపు ఆటోలో వెళ్లాం.

మునెప్ప తల్లి చెంగమ్మ ముఖం కడుక్కుని, కొంగు సర్దుకుని కూర్చుంది. సినిమా రెండుసార్లు వేశాం. చెంగమ్మ వాళ్లమ్మ ఎక్కడా కనిపించలేదు.

"ఉండదులేమ్మా. సినిమావాళ్లు టౌన్ నుంచి కోకలు తెచ్చినారంట. అవి కట్టుకున్నోళ్లనే తీసినారంట. మాయమ్మకాడికి వచ్చేసరికి అయిపోయినాయంట. సినిగిన కోక కనపడగూడదు, బిడ్డనెత్తుకొని సినిమా తీసే మిషన్ ఎనకాల నిలబడమన్నారంట."

"మరి ఆ చీరలు?"

"సాయంత్రం ఇప్పిచ్చుకొని పోయినారంట. పూలు మాత్రం వదిలేసినారు."

ఒంటి మీది చీర విప్పించుకుపోయినవాళ్లు ఇదే మీ దేశమని మనకు చూపిస్తే, ఇన్నేళ్లూ చప్పట్లు కొట్టాం.

చెంగమ్మ మళ్లీ వేయమంది. చివర్లో పొద్దు వాలాక తీసిన ముక్కలో, కెమెరా వెనక నిలబడ్డవాళ్ల నీడలు చేలోకి పొడుగ్గా సాగాయి. "ఆడ ఆపురా" అంది కొడుకుతో. ఒక నీడకు చంకలో బిడ్డ ఉంది.

"ఇదే మాయమ్మ. సంకలో ఉండేది నేను."

చాలాసేపు ఆ నీడ మీద నుంచి వేలు తీయలేదు.

మా ఆఫీసులో ఆ సినిమాను వచ్చే ఏడూ వేస్తారు. వేయనీండి, ఆ నీడ ఎవరిదో నేను లేచి చెబుతాను. నా కోపం చల్లారలేదు, చల్లారాలనీ లేదు. మీరూ ఇలాంటి పాత సినిమా పట్టుకుని ఏ ఊరికైనా వెళ్తే ఒక్కటి గుర్తుంచుకోండి: వెనక నుంచి వచ్చే గొంతు వినపడకుండా శబ్దం తీసేసి చూపించండి. అందులో ఏముందో ఆ ఊరివాళ్లే చెబుతారు.