నొప్పి తగ్గిన రోజు

పోయిన నెల గుంటూరులో నాకు స్కానింగు చేసిన డాక్టరమ్మగారు, ఎడమ కిడ్నీ నుంచి మూత్రం దిగే నాళంలో రాయి అడ్డంపడిందనీ, మూత్రం దిగే దారిలేక కిడ్నీ ఉబ్బిపోయిందనీ తెర మీద చూపించారు. నిన్నటి నుంచి నొప్పి లేదండీ, అన్నాను.

"నొప్పి తగ్గితే రాయి పోయినట్టు కాదమ్మా. అడ్డు అలాగే ఉంటే కిడ్నీ మనకు తెలియకుండానే పాడైపోతుంది," అన్నారు.

ఆ మాటకు అరవై దాటిన దాన్ని, ఆ బల్ల మీదే మా అమ్మను తలుచుకుని ఏడ్చాను.

అద్దంకి దగ్గర మా ఊళ్ళో అమ్మ మిరపకాయల కోతకు కూలికి వెళ్ళేది. నేను హైస్కూల్లో ఉండగా ఆమెకు నడుం పక్క నుంచి గజ్జల దాకా నొప్పి మెలిపెడితే, నేల మీద పడి పొర్లేది. అది రాయి నొప్పేనని నాన్న కొండపిండాకు తెచ్చి రసం తీసిచ్చాడు, నాయనమ్మ బార్లీ నీళ్ళు కాచింది, పాస్టరుగారు వచ్చి ప్రార్థన చేశారు. కొన్నాళ్ళకు నొప్పి దానంతటదే ఆగిపోతే, రాయి కరిగిపోయిందని అందరం సంతోషించాం. ఆదివారం చర్చిలో అమ్మ లేచి నిలబడి, దేవుడే బాగుచేశాడని సాక్ష్యం చెప్పి, మర్నాడే కోతకు వెళ్ళింది.

మరుసటి ఏడు రెండోవైపు పట్టుకుంది. ఈసారి మూత్రం పూర్తిగా ఆగిపోయి, ముఖం, కాళ్ళు వాచిపోయాయి. గుంటూరు తీసుకెళితే అక్కడి డాక్టరు, మొదటి కిడ్నీ ఎప్పుడో ఎండిపోయిందనీ, ఇన్నాళ్ళూ ఒక్కదానితోనే నెట్టుకొచ్చిందనీ నాన్నకు చెప్పాడు. పక్క కోసి రాయి తీశారు గానీ, అప్పటికే ఒంట్లో విషం పాకిపోయింది. తెలివి ఉన్నంతసేపూ అమ్మ నా చెయ్యి వదల్లేదు.

"నొప్పేం లేదే, ఇంటికి పోదాం పదవే," అంటూనే పోయింది.

నాకు మాత్రం కోతా కుట్లూ లేకుండా, మూత్రం వచ్చే దారినే సన్నటి గొట్టం పంపి, లేజరుతో రాయిని పొడి చేసి, మూత్రం దిగడానికి కొన్నాళ్ళు లోపల స్టెంటు ఉంచి తీసేశారు. నీళ్ళు బాగా తాగమన్నారు.

మొన్న ఊరికి వెళుతూ, మిరపచేలో కోస్తున్న ఆడవాళ్ళను చూసి ఆటో ఆపించి, ఎండలో నీళ్ళు తాగుతూ ఉండండమ్మా, అని చెప్పాను.

"తాగితే ఎక్కడికి పోవాలండీ? చుట్టూ మగాళ్ళేగా," అంది ఒకామె, కాయ కోస్తూనే.

అమ్మ కూడా పొద్దుగూకేదాకా గుక్కెడు నీళ్ళు ముట్టేది కాదు. రాయిని పొడి చేసే యంత్రం గుంటూరు దాకా వచ్చింది గానీ, ఆ చేలో ఆడమనిషికి కాస్త చాటు ఇంకా రాలేదు.