ఎడమవైపు వెనక బోల్టు

“...అడ్డంగా పెట్టమన్నాను గానీ ఇలా ఏటవాలుగా పెట్టమన్నానా? ఇంజను జారి నీ నడుం మీద పడితే నీ శవం దగ్గర వంటలు చెయ్యాల్సింది నేనే. అయినా కోతి మాంసం తిని పెరిగిన బుర్రకి ఎంతని చెప్పను,” అన్నాడు సకాలా.

“చెప్పకు. ఎలుకల కోసం కలుగులో పెట్టే చెయ్యి, నా కారులో పెట్టకు,” అంది చిసెంగా.

దారిన పోయే కొత్తవాళ్ళు ఆగి, ఇక కొట్టుకుంటారేమోనని చూసేవాళ్ళు. రాగిగనుల పేట మికొంఫ్వాలో మా వీధివాళ్ళు మాత్రం తల కూడా తిప్పేవాళ్ళు కాదు. చిసెంగా బెంబా మనిషి, వాళ్ళు కోతుల్ని తింటారని వెక్కిరింపు. సకాలా న్గోనీ, వాళ్ళకేమో ఎలుకలు. తాతల కాలంలో ఈ రెండు జాతులు యుద్ధాలు చేసుకుని, ఇక చాలనుకుని, ఆ కోపమంతా నోటికి అప్పగించేశాయి. ఒకరినొకరు ఎంతైనా తిట్టుకోవచ్చు, కోపం మాత్రం రాకూడదు. ఒకరింట చావు జరిగితే రెండోవాళ్ళే వచ్చి గొయ్యి తవ్వాలి, వండి పెట్టాలి, ఏడ్చేవాళ్ళని నవ్వించాలి. చిసెంగా తల్లి పోయిన రోజున సకాలా శవపేటికకు అడ్డంగా నేలమీద పడుకుని, ఈ ముసలమ్మ నాకు బాకీ ఉంది, చేతిలో ఏదైనా పెడితే గానీ పోనివ్వనని మారాం చేశాడు. చిసెంగా ఏడుస్తూనే నవ్వింది.

సకాలా ముప్పై ఏళ్ళు రాగి గనిలో, భూమి అడుగున, పైకప్పు కూలకుండా దుంగలు నిలబెట్టే పని చేశాడు. అందుకే ఇంజనును దుంగకు వేలాడదీయాలి అన్నప్పుడు చిసెంగా అతన్నే పిలిచింది. పిలిచినందుకు వారం రోజులు మాటలు పడింది.

చిసెంగాను వీధిలో అందరూ బానా చోలా అంటారు. పెద్ద కూతురి పేరు చోలా కాబట్టి చోలా తల్లి. పెళ్ళికి ముందు నుంచీ గని సామాన్ల గదిలో కిటికీ దగ్గర కూర్చుని బోల్టులు ఇచ్చే పని ఆమెది. విరిగిన ముక్క ఎవరైనా తెచ్చి చూపిస్తే బొటనవేలి గోరు మరచుట్ల మీద నడిపి, వెనక్కి తిరక్కుండానే సరైన డబ్బాలో చెయ్యి పెట్టేదని చెప్పుకుంటారు. గని మూతపడ్డాక చేతికొచ్చిన సొమ్ముతో మిగతా ఆడవాళ్ళు ఫ్రిజ్జులు కొని కోళ్ళమ్మారు. ఈమె జపాన్ నుంచి దిగిన పాత తెల్ల కారు కొంది. ఖాళీగా ఉన్న ఫుట్‌బాల్ మైదానంలో తనే నేర్చుకుంది. భర్త దూరాన సొల్వేజిలో వేరే గనికి లారీ నడుపుతాడు, నెలాఖరుకు వస్తాడు. మిగతా రోజుల్లో ఇల్లు నడిచేది ఆ కారు మీదే. రైలు పట్టాల అవతలి బడికి మా వీధి పిల్లల్ని పొద్దున దింపి, మధ్యాహ్నం తెచ్చేది. ఎవరి పిల్ల ఏడుస్తూ ఎక్కుతుందో, ఎవరి పిల్లాడు టిఫిన్ మర్చిపోతాడో తల్లులకన్నా ముందు ఆమెకు తెలిసేది.

ఆ ఏడు చలికాలంలో, మాకు అది జూన్, జూలైల్లో వస్తుంది, కారు పట్టాలు దాటుతున్నప్పుడల్లా ఎడమవైపు అడుగున ‘టక్’ మనడం మొదలైంది. ఊళ్ళో మెకానిక్ ఒక జాయింటు మార్చాడు. తగ్గలేదు. ఇంకొకటి మార్చాడు. రెండు రోజులు తగ్గి మళ్ళీ వచ్చింది. మూడోసారి అతను అసలు సంగతి చెప్పాడు: చక్రాన్ని పట్టుకుని ఉండే ఇనుప చెయ్యి మొదట్లో రబ్బరు బుష్ అరిగిపోయింది, దాని బోల్టు బయటికి రావాలంటే ఇంజను కింద ఉండే ముందు చట్రం మొత్తం దించాలి, సబ్‌ఫ్రేమ్ అంటారు దాన్ని, కారు వదిలేసి వెళ్ళు, వచ్చే నెల చూద్దాం అన్నాడు. అతను మాట్లాడుతుండగా చిసెంగా వంగి, అంతకుముందు అతను బిగించిన బోల్టుల తలలు చూసింది. ఒకటి గట్టి ఇనుము, పక్కది మెత్తది. గేటు తలుపుకు వేసే రకం. ఆమె కారు ఇంటికి తెచ్చుకుంది. బడికి ఆగస్టు సెలవులు ఇవ్వగానే, చట్రం నేనే దించుతానని చెప్పింది.

భర్త ఫోన్లో నవ్వాడు. తుక్కువాళ్ళకి అమ్మేయమన్నాడు. దించి చూశాక చెప్తానంది.

ఇంటి వెనక గది కట్టుకుందామని కొన్న సిమెంటు ఇటుకలు అప్పటికే ఏళ్ళ తరబడి పెరట్లో ఉన్నాయి. వాటితో కారుకు చెరోవైపు ఒక స్తంభం పేర్చింది. వాటి మీద జామాయిల్ దుంగ అడ్డంగా పడుకోబెట్టి, సకాలా తెచ్చిన గొలుసుతో ఇంజనును దానికి కట్టారు. కారును జాకీతో ఎత్తి, అడుగున గని నుంచి తెచ్చిన పాత చెక్క దిమ్మలు జతలు జతలుగా దూర్చారు. ఎత్తినంత సేపూ తిట్లు నడిచాయి. మొత్తం నిలబడ్డాక సకాలా కారును రెండు చేతులతో పట్టుకుని, ఒంటి బరువంతా వేసి ఊపాడు. కదల్లేదు. అప్పుడు గానీ ఆమెను అడుగుకు దూరనివ్వలేదు.

మొక్కజొన్న పిండి సంచి ఒకటి విప్పి నేలమీద పరిచి, దాని మీద బొగ్గుతో కారు అడుగుభాగం బొమ్మ గీసింది చిసెంగా. ఏ బోల్టు ఎక్కడ నుంచి ఊడితే బొమ్మలో అక్కడే పెట్టింది. బ్యాటరీ తీసేసింది. స్టీరింగ్ తిరగకుండా చక్రాన్ని నడుముకు చుట్టుకునే గుడ్డతో సీటుకు కట్టేసింది. స్టీరింగ్ కడ్డీ కింద జత విప్పే ముందు, మళ్ళీ అలాగే కలపడానికి చోలా గోళ్ళ రంగుతో రెండు భాగాల మీదా ఒక గీత పెట్టింది. అలాంటి గీతే చట్రం నాలుగు మూలలా పెట్టింది. తుప్పు పట్టిన వాటికి డీజిల్ పోసి రాత్రంతా నాననిచ్చింది. మర్నాడు స్పానర్‌కు నీళ్ళ గొట్టం తొడిగి, రెండు కాళ్ళూ చక్రం గూట్లో తన్నిపెట్టి లాగింది. చేతులు బొబ్బలెక్కాయి. ఆదివారం చర్చిలో చప్పట్లు కొట్టకుండా ఊరికే పాడింది.

చక్రాలు, వాటి ఇనుప చేతులు, స్టీరింగు, అన్నీ చట్రం నుంచి విడిపోయాయి. మిగిలినవి చట్రాన్ని కారు ఒంటికి పట్టి ఉంచే నాలుగు పెద్ద బోల్టులు. ముందు రెండూ వచ్చాయి. కుడివైపు వెనకది ఒక్క అరుపు అరిచి వచ్చింది. ఎడమవైపు వెనకది తిరిగింది. తిరుగుతూనే ఉంది. బయటికి రాలేదు.

“బెంబా బోల్టు. కబుర్లు చెప్తూ ఉన్నచోటే తిరుగుతుంది,” అన్నాడు సకాలా, కారు పక్కన బోర్లించిన బకెట్ మీద కూర్చుని.

“న్గోనీ బోల్టయితే ఈపాటికి ఎవరి ఆవునో తోలుకుని పారిపోయేది.”

అలా తిరుగుతోందంటే పైన కారు ఒంట్లో, అడుగు పొడుగునా పోయే ఇనుప దూలం లోపల అతికించి ఉండే నట్టు ఊడిపోయిందని అర్థం. దాన్ని పట్టుకోవాలంటే పైనుంచి రావాలి. చిసెంగా కింద నుంచి బయటికొచ్చి, ముందు ఎడమ సీటు విప్పి బయట పెట్టింది. తివాచీ ఎత్తింది. తివాచీ కింద మందంగా తారు పూత ఉంది. మిగతా కారులో ఎక్కడా లేని తారు. వంటింటి కత్తి తెచ్చి గీకింది. తారు కింద ఇనుప పలక. పలక చుట్టూ వెల్డింగు గడ్డలు, పిల్లలు బంకమట్టి అద్దినట్టు. పలక అంచున కత్తిమొన ఆనించి కొంచెం నొక్కింది. వేరుశనగ పొట్టులా తుప్పు పొరలు లేచాయి. ఇంకొంచెం నొక్కితే కత్తి దిగిపోయింది. తీస్తే ఆ సందులోంచి పెరటి ఎర్రమట్టి కనిపించింది.

అవతలి తలుపులోంచి సకాలా తల లోపలికి పెట్టాడు. “ఏం దొరికింది, మీ తాత దాచిన కోతి...” అంటూ మొదలెట్టి, చూసి, ఆగిపోయాడు.

అతను చుట్టూ తిరిగి ఇవతలికి వచ్చాడు. చిన్న సుత్తి తీసుకుని ముందు కుడివైపు దూలం మీద కొట్టుకుంటూ వెళ్ళాడు. ప్రతి దెబ్బకూ ఖంగుమంది. తర్వాత ఎడమవైపు. అక్కడ పచ్చిగుమ్మడికాయ మీద తట్టినట్టు మొద్దుగా పలికింది. ఒకచోట ఆగి చెవి ఆనించి మళ్ళీ తట్టాడు. ఇంకా ముందుకు వెళ్ళాడు. అదే చప్పుడు.

చిసెంగా ఒక తిట్టు కోసం ఎదురుచూసింది. రాలేదు. తన తల్లి శవం దగ్గర కూడా మూతపడని నోరది. ఇప్పుడతను సుత్తిని జాగ్రత్తగా సంచి మీద పెట్టి, చేతులు తుడుచుకుంటున్నాడు.

“అమ్మా,” అన్నాడు. “కింద గనిలో ఈ చప్పుడు వింటే నేను మనుషుల్ని బయటికి పంపించేవాణ్ణి. దుంగలు పెట్టేవాణ్ణి కాదు.”

ఆమె కత్తి తుడిచి పక్కన పెట్టింది. తర్వాత లేచి లోపలికి వెళ్ళి, పులిసిన మొక్కజొన్న గంజి మున్కోయో రెండు గ్లాసుల్లో పోసి తెచ్చి, ఒకటి అతనికిచ్చింది. ఇద్దరూ నిలబడే తాగారు.

“దించుదాం,” అంది.

ఇక దించి ఏం లాభమని అడిగాడు అతను. మొత్తం చూడాలంది. సగం చూసి మిగతాది బాగుందని అనుకునే అలవాటు తనకు వద్దంది.

బోల్టు తల కోయడానికి పక్కవీధి నుంచి ఇనుము కోసే కరెంటు రంపం తెచ్చారు. నిప్పురవ్వలు ఇంధనం గొట్టం వైపు పోకుండా తడి గోనెపట్టా కప్పి, చిసెంగా తనే కోసింది. జాకీ మీద చట్రం అంగుళం అంగుళం దిగింది. ఇంజను దుంగకు అలాగే వేలాడుతూ ఉండిపోయింది. అడుగు ఖాళీ అయ్యాక ఇద్దరూ వెల్లకిలా పడుకుని టార్చి వేసి చూశారు. చట్రంలో తప్పేమీ లేదు. బుష్‌లు రెండూ అరిగాయి, కొత్తవి ఆమె కొని పెట్టుకునే ఉంది. తప్పు పైన ఉంది. తెల్లరంగు ఒకచోట ఊడి, కింద ఎర్రరంగు బయటపడింది. ముందుభాగం అంతా వేరే కారుది. ఎప్పుడో, ఏ దేశంలోనో, రెండు విరిగిన కార్లను కోసి ఒకటిగా అతికించారు. ఆ అతుకు మీదే ఇన్నేళ్ళూ ముందు సీటు ఉంది. టక్కుమన్నది బుష్ ఒక్కటే కాదు.

ముందు సీట్లో ఎవరు కూర్చోవాలనే దాని మీద పిల్లలు రోజూ కొట్లాడుకునేవాళ్ళు. చిసెంగా వంతులు పెట్టింది.

ఆ సాయంత్రం భర్తకు ఫోన్ చేసి చెప్పింది. అతను విని, అంత బెంగ దేనికన్నాడు. మార్కెట్లో వెల్డింగువాడు ఒక్కపూటలో ఇంకో పలక అతికిస్తాడు, తారు పూస్తే ఎవరికీ కనబడదు, క్రిస్మస్ దాకా నడిపి అమ్మేద్దాం అన్నాడు. అమ్మితే ఎవరికి అని ఆమె అడిగింది. అతను పిల్లల ఆరోగ్యం అడిగి పెట్టేశాడు.

బడి సోమవారం తెరుస్తారు. రైలు పట్టాల అవతల పెద్దపేటలో మినీబస్సు నడిపే మనిషి ఒకడు సెలవుల్లోనే మా వీధిలో రెండుసార్లు తిరిగాడు. కూర్చోవడానికి చోటు ఉన్నా లేకపోయినా ఎక్కించుకుంటాడని పేరు. బానా చోలా కారు దిమ్మల మీద ఉందట కదా అని ప్రతి గేటు దగ్గరా ఆగి అడిగాడు. ఇద్దరు ముగ్గురు తల్లులు చూద్దామన్నారు. ఒకసారి వాళ్ళ పిల్లలు ఆ బస్సు ఎక్కితే మళ్ళీ తన దగ్గరికి రారని చిసెంగాకు తెలుసు. పలక అతికించుకుంటే రేపే కారు బయటికి తీయొచ్చనీ తెలుసు. శనివారమంతా ఆమె బోల్టులు డీజిల్లో కడుగుతూ కూర్చుంది. బొమ్మలో వాటి స్థానాల్లో వాటిని మళ్ళీ పెట్టింది. ఎడమవైపు వెనక మూలలో మాత్రం ఖాళీగా వదిలేసింది.

ఆదివారం పొద్దుగూకుతుండగా బానా టొవేలా వచ్చింది. ఆసుపత్రిలో నర్సు. తెల్లారకముందే డ్యూటీకి వెళ్ళాలి కాబట్టి కూతురు టొవేలాను అందరికన్నా ముందు చిసెంగాకే అప్పగించేది. గేటు దగ్గరే నిలబడి, దుంగకు వేలాడుతున్న ఇంజను వైపు చూసింది. మినీబస్సు మనిషి మళ్ళీ వచ్చాడనీ, ఏదో ఒకటి చెప్పాలనీ, తనకు మాత్రం మనసొప్పడం లేదనీ అంది. చిసెంగా స్టవ్ మీద మొక్కజొన్న సంకటి, న్షిమా, కలుపుతున్న గరిటె చోలాకు ఇచ్చి బయటికి వచ్చింది. అరుగు మీద కూర్చున్న సకాలా లేచి చోటిచ్చాడు.

“రిపేరు అయిపోతుందా, అక్కా? రేపు కారు వస్తుందా?” అని అడిగింది బానా టొవేలా.

చిసెంగా చేతుల పిండి నడుం గుడ్డకు తుడుచుకుంది.

“రాదు. ఈ కారులో ఇక ఏ పిల్లనీ ఎక్కించను, నా పిల్లల్ని కూడా. రేపు తెల్లారగానే నేను నడిచి వస్తాను. మన వీధిలో ఎవరు వస్తే వాళ్ళని చెయ్యి పట్టుకుని పట్టాలు దాటించి బళ్ళో దింపుతాను, మధ్యాహ్నం వెనక్కి తెస్తాను. మిగతావాళ్ళకి కూడా చెప్పు. టొవేలాకి నడవడానికి వీలైన బూట్లు వేసి ఉంచు.”