కల్లంలో కాయ, ఇంటర్వ్యూలో నేను

గుంటూరు బ్రాడీపేటలో స్పోకెన్ ఇంగ్లిష్ కోచింగ్‌లో చేరిన నెలకే నాకూ మా సారుకూ చెడింది. గొడవంతా టెన్సుల దగ్గరే. ఇంటి గురించి చెప్పుకోవడానికి ఆయనే ఒక వాక్యం తయారుచేసి ఇచ్చారు: "మై ఫాదర్ హాడ్ ఎ గుడ్ క్రాప్ దిస్ ఇయర్." నేను లేచి నిలబడి "మై ఫాదర్ ఈజ్ హావింగ్" అనేదాన్ని.

"హాడ్ అమ్మా, హాడ్! పంట అయిపోయింది కదా!" అని ఆయన బల్ల మీద కొట్టేవారు.

ఎక్కడ అయిపోయింది? పొదిలి దగ్గర మా ఊళ్ళో కాయ ఇంకా కల్లంలో ఆరుతూనే ఉంది. ఆ మిరపకాయ బస్తాల్లోకి ఎక్కి, గుంటూరు యార్డులో కాటా పడేదాకా మా ఇంట్లో ఎవరూ 'బాగా పండింది' అనరు. అంటే దిష్టి. దారిన పోయేవాళ్ళు "ఏం బాబాయ్, ఈసారి బాగా దిగినట్టుందే" అన్నా, మా నాన్న "ఏమో, చూడాల" అని తల తిప్పుకుంటాడు. ఆ ఇంట్లో పుట్టినదాన్ని, కాయ నేల మీద ఉండగానే 'హాడ్' అనమంటే నోరెలా వస్తుంది? ఇదే చెబితే సారు నవ్వి, "ఇంగ్లిష్‌లో దిష్టి తగల్దులే" అన్నారు. క్లాసంతా గొల్లుమంది. నాకు ఒళ్ళు మండింది. మండినా ఉద్యోగం కావాలి కాబట్టి ఆ వాక్యం బట్టీ పట్టాను.

మిర్చి ఎగుమతి చేసే ఒక కంపెనీ నుంచి ఇంటర్వ్యూకి పిలుపొచ్చింది. సరిగ్గా ఆ రోజు తెల్లవారుతూనే వాన. ఎండలు ముదిరే వేళ చినుకులేమిటని హాస్టల్లో పిల్లలంతా కిటికీల దగ్గర మురిసిపోతున్నారు. నాకు మాత్రం కల్లంలో కాయే కళ్ళ ముందు మెదిలింది. మా వైపు కూడా పడుతోందని పక్క ఊరి స్నేహితురాలు మెసేజ్ పెట్టింది. కాయ తడిస్తే రంగు పోతుంది, ఇక తాలు కిందే లెక్క, సగం ధర కూడా రాదు. పోయినేడు పంటను తామర పురుగు తినేసింది. నాన్న మళ్ళీ నిలదొక్కుకోవాలంటే ఈ కాయ గట్టెక్కాలి. నాన్నకు ఫోన్ చేస్తే ఎత్తలేదు. అమ్మా ఎత్తలేదు. ఆటో ఎక్కాక చేశాను, దిగాక చేశాను. మోగుతోందే గానీ పలికేవాళ్ళు లేరు.

ఇంటర్వ్యూ చేసేది ఒక పెద్దాయన. మీ నాన్నగారు ఏం చేస్తారు, ఈ ఏడు పంట ఎలా ఉంది అని ఇంగ్లిష్‌లోనే మెల్లగా అడిగారు. బట్టీ పట్టిన వాక్యం నాలుక చివర సిద్ధంగా ఉంది. అప్పజెప్పేస్తే ఆ గండం గడిచేది. నా వల్ల కాలేదు.

"ఐ డోంట్ నో, సర్. ద చిల్లీస్ ఆర్ ఆన్ ద గ్రౌండ్. ఇట్ రెయిన్డ్ దిస్ మార్నింగ్. మై ఫాదర్ ఈజ్ నాట్ లిఫ్టింగ్ ద ఫోన్."

ఏ టెన్స్ ఎక్కడ పడిందో చూసుకోలేదు. చూపు ఒళ్ళో ఉన్న ఫోన్ మీదే ఉంది. ఆయన మంచినీళ్ళ గ్లాసు నా వైపు జరిపి, తెలుగులోకి దిగారు. "ముందు బయటికెళ్ళి మళ్ళీ ఫోన్ చెయ్యమ్మా. మాట్లాడాకే రా."

ఈసారి అమ్మ ఎత్తింది. "ఏందే అన్నిసార్లు? పట్టలు పట్టుకున్నోళ్ళం ఫోన్ ఏడ పట్టుకుంటాం?"

"కాయ తడిసిందా అమ్మా?"

"తడవలా. మబ్బు పట్టంగానే మీ నాన్న కేకలేశాడు. పక్క కల్లం సాయిబు గారోళ్ళు గూడా ఉరికొచ్చి తలో కొస పట్టుకున్నారు. అంతా కప్పేశాం. ఒక్క కాయ తడిస్తే ఒట్టు!"

"నాన్నకియ్యి."

"లేపమంటావా? ఒళ్ళంతా బురదతోనే మంచం మీద పడి గురక పెడతన్నాడు."

ప్రాణం లేచొచ్చింది. వరండా గోడకు ఆనుకుని ఏడ్చాను, ఆ ఏడుపులోనే నవ్వాను. అటుగా వెళ్తున్నావిడ ఉద్యోగం వచ్చిందా అని అడిగింది. ఆ సంగతే నాకు గుర్తు లేదు.

లోపలికి వెళ్ళగానే పెద్దాయన కుర్చీలో ముందుకు వంగారు. "వాట్ హాపెండ్?"

పట్టలు, మబ్బు, సాయిబు గారు, తడవని కాయ, అన్నీ ఒక్కసారే నోటిదాకా వచ్చాయి.

"మై ఫాదర్ ఈజ్ స్లీపింగ్, సర్," అన్నాను.