పెళ్లి చీరకు తొందరపడి పెట్టిన పసుపు

మా చిన్న బిడ్డ పెళ్లికి ఇంకా ఆరు రోజులున్నాయనగా చీర విప్పి, భుజాన వేసుకుని అద్దం ముందు నిలబడింది. అటూ ఇటూ తిరిగి చూసుకుంది.

"అమ్మా, ఇది చీరనా, వంకాయ తోటనా?" అంది.

"నోర్ముయ్. అంచు చూడు, జానెడున్నది. చిలకపచ్చ."

"అంచు మంచిగనే ఉంది. కొంగు మంచిగనే ఉంది. నడుమ నేనే కనిపిస్తలేను."

నిజమే. ఆ ముదురు వంకాయ రంగులో చామనఛాయ పిల్ల మునిగిపోయింది. కానీ ఎంచింది నేను. ఒప్పుకోవడం నా వల్ల కాదు.

గద్వాల మీకు దగ్గరే కదా, పుస్తె కట్టేటప్పటి చీర మీరే నేయించండని మగపెళ్లివారు మాకు వదిలేశారు. బిడ్డ అప్పుడు నాగర్‌కర్నూల్లో టీచర్ ట్రైనింగ్ పరీక్షలు రాస్తోంది. వనపర్తిలో బస్సెక్కి నేనొక్కదాన్నే పోయాను. అక్షరాలొచ్చి ఏడాదయింది, బోర్డు చదివి బస్సెక్కేదానికి తోడెందుకు? ఆ అక్షరాలు నేర్పింది కూడా ఈ బిడ్డే. యాభై దాటినదాన్ని. ఒకే అక్షరం వందసార్లు తప్పు రాసినా, పలక తుడిచి మళ్లీ చేతికిచ్చిందే గాని విసుక్కోలేదు.

అలాంటి పిల్ల కళ్లలో నీళ్లు పెట్టుకుంది.

"ఫోటోలన్నిట్ల ఇదే ఉంటది. నేను కట్ట. పోదాం పా అమ్మా, నచ్చకుంటే మారుస్తనన్నడన్నవ్ కదా నేసినాయన."

అన్నాడు. మడత చెడకపోతే ఇంకోటి తీసుకోవచ్చన్నాడు. కానీ నా కడుపులో ఒక గుట్టుంది. కొత్త బట్ట కట్టే ముందు నాలుగు మూలలకూ పసుపు పెట్టడం మా ఆచారం. కట్టే రోజు పెట్టాలి. నేను చీర ఇంటికొచ్చిన రోజే, ఆ మెరుపు చూసి ఆగలేక పెట్టేశాను. చిన్న చుక్కలే, ఏడుపులో బిడ్డ కంట పడలేదు. నేతాయన కంట కూడా పడవులే అనుకుని బయలుదేరాను. దారంతా గోడల మీది రాతలు పైకి చదువుతూనే ఉన్నాను, మనసులో భయం బయటికి కనపడకుండా.

నేతాయన మగ్గం గుంటలోంచి లేచి వచ్చి, చీర వెలుగులో పరిచాడు. మూల పట్టుకుని ఆగిపోయాడు.

"ఏందక్కా ఇది? పసుపున్నది."

"బస్సుల ఎవరిదో అంటుకున్నదేమో."

బిడ్డ మిగతా మూలలు తిప్పి చూసింది. "నాలుగు మూలలకు సరిసమానంగ అంటుకున్నదా అమ్మా?"

నేతాయన భార్య కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. ఆయన మాత్రం నవ్వలేదు.

"పసుపు పెట్టిన చీర ఇంకొకల్ల లగ్గానికి ఎట్లిస్తనక్కా? ఇంక ఇది మీదే."

"కొత్తది నేస్తవా?"

"నడుమ నూలు, అంచూ కొంగూ పట్టు. అన్నీ కలిపి నేయాలె. ఆరు రోజులల్ల ఎట్లయితది?"

తిరిగొచ్చేటప్పుడు ఒక్క బోర్డూ చదవలేదు. బిడ్డ కిటికీ వైపు తిరిగి కూర్చుంది. తిట్టినా బాగుండేది.

ఇంటికి రాగానే నేరుగా నా పెట్టె తెరిచింది. పెళ్లికి నేను కట్టుకోవాలని ఆ నేతాయన దగ్గరే తెచ్చుకున్న చీర బయటికి తీసింది. మీగడ రంగు, కుంకుమ రంగు అంచు.

"అమ్మా, ఇది తీసుకునేటప్పుడు ఎవరినడిగినవ్?"

"ఎవరినడుగుత? నాకు నచ్చింది."

"మరి నాది?"

"మీ మేనత్తనడిగిన. పక్కింటామెనడిగిన. వియ్యపురాలేమనుకుంటదో అని కూడ ఆలోచన చేసిన. ఘనంగ ఉండాలె కదా."

అది నవ్వింది. పొద్దున్నుంచి అదే మొదటిసారి.

"అయితే నీకు నచ్చింది నాకియ్యి. ఊరికి నచ్చింది నువ్వు కట్టు."

తల్లి మనసు అంటారు గాని, నా ప్రాణం ఉసూరుమంది. ఆ మీగడ రంగు చీర కోసం నేను పెళ్లి రోజు లెక్కబెట్టుకుంటున్నాను. అయినా పలక తుడిచిన చేతులు కదా అవి.

"తీస్కపో" అన్నాను.

"దీనికి పసుపు పెట్టలేదు కదా?"

"లేదే."

"పెట్టకు. నేనే పెట్టుకుంట."

పెళ్లి రోజు పసుపు అదే పెట్టుకుంది. మీగడ రంగులో పిల్ల ముఖం దీపం లాగా కనిపించింది. నేను మాత్రం వంకాయ రంగులో పందిరంతా తిరిగాను. వియ్యపురాలు నా కొంగు పట్టుకుని, "వదినె, ఏం చీర! లగ్గం పిల్ల చీర కంటె నీదే ఘనంగున్నది" అంది. పీటల మీద తల వంచుకున్న నా బిడ్డ భుజాలు ఊగుతున్నాయి. అప్పగింతలకు ముందే ఏడుస్తోందని అందరూ జాలిపడ్డారు.

రెండేళ్ల తర్వాత బిడ్డ ఇంటికొచ్చి, ఆడబిడ్డ పెళ్లికి కట్టుకోవాలి, ఆ వంకాయ చీర ఇయ్యమంది. ఇప్పుడు చూస్తే మంచిగనే ఉందట.

"నేనియ్య" అన్నాను.