మాస్టారి చావు సీను

"మాస్టారు పోయారండీ," అని తెల్లవారుతూనే మాస్టారి భార్య ఫోన్ చేశారు. నేనేమీ అనకముందే, "ఈసారి నిజంగానే," అన్నారు. ఆ మాట ఆవిడ ఎందుకు కలపాల్సి వచ్చిందో నూజివీడులో మా వీధి వీధంతటికీ తెలుసు. మా పక్కింటి సోషల్ మాస్టారు రిటైరయ్యాక నా మామిడితోటలో లెక్కలేనన్నిసార్లు చనిపోయారు.

బడిలో చేరకముందు ఆయన కొన్నాళ్ళు కైరోలో ఏదో కంపెనీ స్టోర్సులో పనిచేశారు. అక్కణ్ణించి అందరూ తెచ్చుకునే సామాన్లేవీ తేలేదు. ఒక నటుణ్ణి తెచ్చుకున్నారు. సినిమా అంటే ఏంటో ఈజిప్టు జనానికి సరిగా తెలియని రోజుల్లో, ఇంట్లోవాళ్ళు వద్దంటున్నా నాటకాల్లోంచి కెమెరా ముందుకు వెళ్ళిన మనిషట. వేషం రాసేవాళ్ళు లేకపోతే తనే రాసుకున్నాడట, తీసేవాళ్ళు లేకపోతే తనే డైరెక్టరయ్యాడట. మూకీల్లో హీరో, టాకీలొచ్చాక రైతు, ముసలితనంలో హీరోకి తండ్రి. ఆయన పేరు మాకు నోరు తిరగక 'ఈజిప్టాయన' అనేవాళ్ళం. మాస్టారు పిరమిడ్ల పాఠం మొదలుపెట్టి ఆయన దగ్గరే తేలేవారు. పరీక్షలో ఒకడు ఫరోల వరసలో ఆ నటుణ్ణి కూడా రాసేస్తే, కొట్టెయ్యడానికి చెయ్యి రాక మార్కు వేశారు.

రిటైరయ్యాక సినిమా తీస్తానన్నారు. కథ, డైరెక్షన్, హీరో అన్నీ ఆయనే. కెమెరా ఆయన పాత శిష్యుడిది, చాట్రాయిలో పెళ్ళి వీడియోలు తీస్తాడు. హీరో అన్నయ్య వేషం నాది. తోట నాది కాబట్టి ఇవ్వక తప్పలేదు.

"ఎడారి ఎక్కణ్ణించి తెస్తారండీ?" అన్నాను.

"ఈజిప్టాయనకి ఎడారి ఉంది, తీశాడు. మనకి చిన్నరసాలున్నాయి," అన్నారు.

సినిమా మొత్తం అయింది గానీ చివరి సీను మిగిలిపోయింది. హీరో ఒక రైతు, అన్నగారి ఒళ్ళో, అంటే నా ఒళ్ళో, తల పెట్టుకుని చనిపోవాలి. మాస్టారు చక్కగానే చనిపోయేవారు. కానీ డైరెక్టరు కూడా ఆయనే కదా. ప్రాణం పోయిన కాసేపటికి ఒక కన్ను తెరిచి, "కట్. మీరు ఏడవట్లేదండీ, దగ్గుతున్నారు. వన్ మోర్," అనేవారు. నాకు నవ్వు ఆపుకోవడంతోనే సరిపోయేది. ఒకసారి అంతా కుదిరిందనుకుంటుండగా గాలికి కాయ రాలి శవం పొట్టమీద పడింది. శవం కళ్ళు తెరవకుండానే కాయని తడిమి, "ఇంకా టెంక ముదరలేదండీ," అంది.

"కట్ నేను చెప్తాను సార్, మీరు పడుకోండి," అని శిష్యుడు బతిమాలాడు.

"నా చావు ఎక్కడ ఆపాలో నీకేం తెలుసురా?" అన్నారు.

తోట అంటే నాకు దిగుబడి తప్ప ఇంకేమీ కనిపించేది కాదు. ఏ కొమ్మ కింద ఏ వేళ ఎండ ఎలా పడుతుందో ఆయనే చూపించారు. ఇప్పుడు విస్సన్నపేట వ్యాపారితో బేరం మాట్లాడుతూ కూడా ఎండ వంక చూస్తున్నాను. అందుకు ఆయనకి ఎప్పుడూ థాంక్స్ చెప్పలేదు.

ఈ వేసవిలో బాగా నీరసించిపోయారు. "ఆ ఒక్క సీను అయితే చాలండీ," అన్నారొకరోజు. "ఈజిప్టాయన సినిమాలు కొన్ని ఒక్క కాపీ కూడా మిగల్లేదట. తీశాక పోతే పోయింది. తియ్యకుండానే పోకూడదు." నాకు నవ్వు రాలేదు. రేపు తీద్దామన్నాను. ఆ రేపు వానొచ్చింది, తర్వాత ఆయన మంచం దిగలేదు.

ఇంటిముందు షామియానా కింద పెట్టెలో పడుకోబెట్టారు. తల దగ్గర నన్ను కూర్చోమన్నారు. "ప్రభువునందు నిద్రించారు," అని పాస్టరుగారు మొదలుపెట్టగానే, మాస్టారి భార్య శిష్యుడి వైపు తిరిగి, "తియ్యి నాన్నా, ఆయనకి ఆ సీను కావాలిగా," అన్నారు. వాడు కెమెరా ఎత్తాడు.

నాకు ఏడుపొచ్చింది. ఈసారి దగ్గు కాదు. ఏడుస్తూనే ఆ కన్ను వంక చూస్తున్నాను, తెరుచుకుంటుందేమోనని. శిష్యుడూ అటే చూస్తున్నాడు. ప్రార్థన అయిపోయింది, మూత వేశారు, జనం పెట్టె వెంట సమాధుల తోటకి కదిలారు. కట్ చెప్పాల్సినాయన చెప్పలేదు కాబట్టి వాడు కెమెరా ఆపలేదు. ఖాళీ కుర్చీల ముందు దాని ఎర్ర లైటు అలా వెలుగుతూనే ఉంది.