బెల్లం చాయ్ దీక్ష

డాక్టరు గారు మూడు నెలలు గడువిచ్చారు. "ఈలోగా షుగర్ తగ్గిందా, మాత్రలతో సరిపెడదాం. లేదంటే ఇన్సులిన్ మొదలుపెట్టాలండీ" అన్నారు. నాకు సూదంటే చిన్నప్పటి నుంచీ ప్రాణభయం. దాన్ని తప్పించుకోవడానికి ఏమైనా తింటాను, ఏదైనా మానేస్తాను అని అప్పటికప్పుడే ఒట్టు పెట్టుకున్నాను.

అన్నం బదులు జొన్నరొట్టె వచ్చింది. హైటెక్ సిటీలోని మా ఆఫీసులో వారానికొకరు పుడుతూనే ఉంటారు కాబట్టి కేకుకీ లోటుండదు. దాని దగ్గరికి వెళ్ళకపోవడమే కాక, తింటున్నవాళ్ళకి మైదా గురించి ఉపన్యాసాలు కూడా ఇచ్చాను. చెప్పేవాడికి వినేవాడు లోకువ కదా.

మానలేనిది చాయ్ ఒక్కటే. దానికీ దారి దొరికింది. ఆఫీసు వెనక వీధిలో ఒకామె బండి పెట్టింది. పైన పచ్చరంగు బోర్డు: "బెల్లం చాయ్. షుగర్ ఉన్నవాళ్ళూ తాగవచ్చు." ఎవరేం రాసిచ్చినా నమ్మకుండా తప్పులు వెతకడమే నా ఉద్యోగం. ఇరవయ్యేళ్ళుగా సాఫ్ట్‌వేర్ టెస్టింగ్‌లో ఉన్నాను. ఆ బోర్డుని మాత్రం ఒక్క ప్రశ్న వేయకుండా నమ్మేశాను. పొద్దున రెండు, సాయంత్రం రెండు. హఫీజ్‌పేటలోని మా ఇంట్లో పంచదార డబ్బా ఖాళీ చేయించి బెల్లం నింపాను.

"బెల్లమూ తీపేగా అండీ?" అంది మా ఆవిడ.

"అది నేచురల్" అన్నాను, అంతటితో వాదన ముగిసినట్టు.

మూడు నెలల తర్వాత రిపోర్టు చూస్తే అంకె తగ్గలేదు, పెరిగింది. డాక్టరు గారు నా తిండి వివరాలన్నీ అడిగారు. బెల్లం చాయ్ సంగతి కాస్త గర్వంగానే చెప్పాను. ఆయన కళ్ళద్దాలు తీసి బల్ల మీద పెట్టారు.

"పంచదారా, బెల్లమూ ఒకే చెరుకు పిల్లలండీ. దొందూ దొందే" అని ఇన్సులిన్ రాసిచ్చారు.

చీటీ జేబులో పెట్టుకుని తిన్నగా బండి దగ్గరికి వెళ్ళాను, దులిపేద్దామని. ఆమె స్టూలు మీద కూర్చుని, చిన్న స్టీలు ఫ్లాస్కులోంచి తనకి చాయ్ పోసుకుంటోంది. కోపంలోనూ నోరూరింది.

"అందులోది పోయమ్మా" అన్నాను.

"గది మీకు కాదు సారూ, చప్పటి చాయ్. నాకు షుగర్ ఉంది."

"మరి ఆ బోర్డు?"

"గిట్ల రాస్తే గిరాకీ ఎక్కువైతదని రాసేటాయన చెప్పిండు. అన్ని బండ్ల మీద గదే ఉంది. మీరు సదువుకున్నోళ్ళు, తెల్సే తాగుతున్నరనుకున్న."

సిగ్గేసింది. ఆమె మీద కోపం ఏ మూలనా మిగల్లేదు, ఉన్నదంతా నా మీదే. జేబులో చీటీ తడుముకున్నాను.

ఆమె నా మొహం వైపు చూసింది. ఫ్లాస్కులో మిగిలింది ఇంకో కప్పులో పోసి ఇచ్చింది.

"జర అలవాటైతే ఏం గాదు సారూ" అంది.

చప్పగా ఉంది. మొత్తం తాగాను.